నమిలిన ముద్ద

ఆ గనిలో గ్యాసు చూసే ఆయనకు చీదర ఎక్కువ. బొగ్గు గనిలో పనిచేసేవాడికి చీదరేమిటని నవ్వకండి, గనిలో అందరూ నవ్వే నవ్వు అదే. పక్కవాడి మెతుకు ఎగిరొచ్చి తన టిఫిను డబ్బాలో పడిందంటే ఆ పూటకి ఆయనకు ఉపవాసమే. ఒకరు నోరు పెట్టిన సీసాను ఎన్నిసార్లు తోమినా ముట్టుకోడు. ఇంటికొస్తే మోచేతుల దాకా సబ్బు రాసి కడిగిందే కడిగేవాడు. మీరు చేతులు కడిగిన నీళ్ళు పారిస్తే ఓ మడి పండుతుందండీ అని భార్య దెప్పుతూ ఉండేది.

అందరూ ఆయన్ని గ్యాసాయన అనేవారు. బొగ్గు కోస్తుంటే దానిలోంచి కంటికి కనపడని, ముక్కుకు అందని గ్యాసు ఊరుతూ ఉంటుంది. గాలిలో అది ఒక మోతాదు దాటితే చిన్న నిప్పురవ్వ చాలు, లోపలున్నవాళ్ళు లోపలే బూడిదవుతారు. చేతిలో మీటరు పట్టుకుని మూలమూలా తిరిగి, ఎక్కడెంత గ్యాసుందో చూసి చెప్పడం ఆయన పని. ఆయనకు తోడు గోడకు బిగించిన సెన్సారొకటి ఉండేది. పిడికిలంత ఇనుప బుర్ర, దానికి కిందవైపు గుండ్రటి నోరు, నోటికి అడ్డంగా సన్నటి జల్లెడ. గ్యాసు మోతాదు దాటితే అది ఎవరినీ అడగదు, బొగ్గు కోసే మిషనుకు కరెంటు ఆపేసి సైరన్ మోగిస్తుంది. షిఫ్టు పెద్ద కొత్తవాళ్ళకు దాన్ని చూపించి, నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుందని చెప్పేవాడు.

ఆ మిషను నడిపేది గ్యాసాయన సొంత అల్లుడు. కూతురికి నెలలు నిండాయి. నీ మొగుడి ప్రాణం నా మీటర్లో ఉంది, నువ్వు దిగులు పెట్టుకోకు తల్లీ అని ఆయన కూతురికి ధైర్యం చెప్పి ఉన్నాడు. చెప్పినంత మాత్రాన తనకు దిగులు లేదని కాదు. రోజూ అల్లుడు లిఫ్టులోంచి బయటికొచ్చి టోపీ తీసేదాకా ఆయన గేటు దాటేవాడు కాదు.

ఇక దవడ సంగతి చెప్పాలి. గనిలో బీడీ, సిగరెట్టు కుదరదు. దిగే ముందు జేబులన్నీ తడిమి చూస్తారు. నోరు ఊరుకోదు కాబట్టి ఒకప్పుడు అక్కడ అందరూ పొగాకు నమిలేవారు. వాళ్ళందరిలోకీ ఘనుడు పాత మిషను డ్రైవరు. అతని కుడి బుగ్గ ఎప్పుడు చూసినా ఉబ్బే ఉండేదట. అందుకే దవడ అనే పేరు స్థిరపడింది. సెన్సారు మాటిమాటికీ కరెంటు ఆపేస్తుంటే దవడకు చిర్రెత్తుకొచ్చేది. బుగ్గలోని ముద్ద తీసి సెన్సారు నోట్లో కుక్కేవాడు. నోరు మూసుకుపోయాక సెన్సారు సున్నా చూపించేది, మిషను నడిచేది. ఒకరోజు గ్యాసు అంటుకుంది. మిగతావాళ్ళు ఎలాగో బయటపడ్డారు. దవడ బయటపడలేదు. మంట ఎంతకీ ఆరకపోయేసరికి, గాలి ఆడకపోతే అదే చస్తుందని ఆ దారికి అడ్డంగా ఇటుక గోడ కట్టేశారు. మంట చచ్చింది. గోడ అలాగే ఉండిపోయింది. దవడ గోడకు అవతలే ఉండిపోయాడు.

ఆ తర్వాత గనిలో పొగాకు నిషేధించారు. వేరే గని నుంచి బదిలీ మీద వచ్చిన గ్యాసాయన దవడను చూసినవాడు కాదు. నిషేధం గురించి విన్నప్పుడు మాత్రం, పోతూ పోతూ ఒక్క మంచి పని చేశాడు మహానుభావుడు అన్నాడు. ఆ గోడ పక్కనుంచి వెళ్ళేటప్పుడు పాతవాళ్ళు నోరు గట్టిగా మూసుకుని, మాట్లాడకుండా నడిచేవారు. ఎందుకని అడిగితే ఎవరూ చెప్పేవారు కాదు. గ్యాసాయనకు అదీ నచ్చింది. ఉమ్మడం తగ్గుతుంది కదా అనుకున్నాడు.

ఆ రోజు పగటి షిఫ్టు. పైన ఎండ ఉందన్న సంగతి లిఫ్టు దిగిన కాసేపటికే మర్చిపోతారు ఎవరైనా. గ్యాసాయన మీటరు మెడకు తగిలించుకుని, పనిచోట్ల గాలంతా కలిసి బయటికి పోయే దారిలోకి నడిచాడు. సెన్సారు ఉన్నది అక్కడే, ఆ ఇటుక గోడకు ఎదురుగా. అక్కడి గాలి ఎప్పుడూ వెచ్చగా, బరువుగా ఉంటుంది. చెమట, తుప్పు, కప్పుకు ఆసరాగా నిలబెట్టిన నానిన దుంగల వాసనలు అందులో కలిసి వస్తాయి. అయినా ఆయనకు ఆ దారంటే కాస్త ఇష్టమే. బొగ్గు ధూళికి నిప్పు అంటుకోకుండా గోడలమీద, నేలమీద సున్నపురాతి పొడి చల్లి ఉంచుతారు. ఎక్కడ చూసినా పిండి ఒలికినట్టు తెల్లగా ఉంటుంది. గనిలో కడిగినట్టు కనిపించే చోటు అదొక్కటే మరి.

టోపీ దీపం ఎత్తి సెన్సారు చూశాడు. సున్నా.

ఆయన కళ్ళు నులుముకుని మళ్ళీ చూశాడు. సున్నాయే. గ్యాసున్న గనిలో, అన్ని మూలల గాలీ వచ్చి కలిసేచోట సున్నా ఉండదు. నిద్రపోతున్న మనిషికైనా ఊపిరి ఆడుతుంది కదా. చేతి మీటరు చూస్తే కొద్దిగా గ్యాసు చూపిస్తోంది. దీపం వెలుగు సెన్సారు కిందికి తిప్పాడు.

నోట్లో ఏదో కుక్కి ఉంది. నల్లగా, గోధుమరంగుగా, తడిగా మెరుస్తోంది. దాని చివరనుంచి సన్నటి తీగలా జొల్లు కిందికి సాగి, తెగకుండా వేలాడుతోంది.

గ్యాసాయన జేబులోని పెన్సిలుతో పొడిచాడు. పెన్సిలు మెత్తగా దిగబడింది గాని ముద్ద రాలేదు. చేతి తొడుగు తొడుక్కుని లాగాడు. జారింది. చివరికి మొహం పక్కకు తిప్పుకుని, ఉత్త వేళ్ళతోనే పట్టి పెకలించాడు. నిమ్మకాయంత ముద్ద. వెచ్చగా ఉంది. ఇప్పుడే ఎవరి నోట్లోంచో తీసినంత వెచ్చన. దానిమీద పళ్ళగాట్లు వరసగా పడి ఉన్నాయి. పొగాకు వాసన, దాని వెనకే పుచ్చిన పన్ను వాసన, దాని వెనక ఇంకేదో, మూతపెట్టి మర్చిపోయిన గిన్నె తెరిచినప్పటి వాసన. ఆయన దుంగకు చెయ్యి ఆనించి రెండుసార్లు ఉత్త డోకు డోకాడు.

అప్పుడాయనకు వచ్చింది భయం కాదు, కోపం. తమలో ఎవడో దొంగచాటుగా పొగాకు తెచ్చుకుంటున్నాడు. తెచ్చుకుని పాత బుద్ధి మొదలుపెట్టాడు. ముద్దను రుమాల్లో మూటకట్టి జేబులో వేసుకున్నాడు. సెన్సారు అంకె సున్నా నుంచి పైకి కదిలింది. తాగే నీళ్ళన్నీ చేతులమీద పోసుకున్నాడు. నేలమీది తెల్లపొడిలో తన బూట్ల అచ్చులు తప్ప ఇంకెవరివీ లేవన్న సంగతి ఆయన చూశాడు గాని, కోపంలో పట్టించుకోలేదు.

పనిచోటికి వెళ్ళేసరికి మిషను ఆపి అందరూ తింటున్నారు. గ్యాసాయన సంగతి చెప్పి, ఒక్కొక్కరినీ నోరు తెరవమన్నాడు. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకునేవాడు దొరక్కపోతాడా అని ఆయన ఆశ. ఎవడూ తడుముకోలేదు. తింటున్నవాళ్ళు తింటున్నట్టే నోళ్ళు తెరిచారు. ఆయన ఒక్కో నోట్లోకీ దీపం వేసి చూశాడు. బూడిదరంగు నాలుకలు, దంతాల సందుల్లో ఇరుక్కున్న మెతుకులు, నెత్తురు కారే చిగుళ్ళు, సగం నమిలిన కూర. ఇంత రోతను ఒకేచోట ఆయన పుట్టి బుద్ధెరిగి చూడలేదు. పొగాకు జాడ మాత్రం ఎక్కడా లేదు.

అల్లుడు చివరన ఉన్నాడు. వాడి నోట్లోకి చూడ్డానికి ఆయనకు మొహం చెల్లలేదు, అయినా చూశాడు. శుభ్రంగా ఉంది. అల్లుడు ఆయన్ని పక్కకు తీసుకెళ్ళాడు.

"మామయ్యా, పుట్టబోయే బిడ్డమీద ఒట్టు. నేనా పని చేస్తానా?"

"నువ్వు చేశావనలేదురా. చేసినవాడెవడో తెలియాలి."

"మరి మీ నోరెవరు చూస్తారు?" అని వెనకనుంచి దుంగలు నిలబెట్టే ఆయన అడిగాడు. అందరూ నవ్వారు. అల్లుడు కూడా నవ్వాడు. గ్యాసాయన నవ్వలేదు.

ఆయన తిరిగి వెనక్కి నడుస్తుండగానే మిషను మొదలైంది. బొగ్గు కోసే చప్పుడు కాళ్ళకింద తెలుస్తోంది. కొంత దూరం నడిచి అలవాటుగా మీటరు చూసుకున్నాడు. గ్యాసు పెరుగుతోంది. ఇంకొంచెం ముందుకెళ్ళి చూశాడు. ఇంకా పెరిగింది. ఈపాటికి సెన్సారు కేక పెట్టాలి. పెట్టడం లేదు. ఆయన నడక పరుగైంది.

సెన్సారు సున్నా చూపిస్తోంది.

దాని నోరు మళ్ళీ నిండి ఉంది. ఈసారి నిమ్మకాయంత కాదు. నోరు పట్టక బయటికి పొంగి, ఇనుప బుర్ర చుట్టూ కారి, గోడమీది తెల్లపొడిని బురద చేస్తూ కిందికి జారుతోంది. చిన్నగా ఆవిరి కూడా వస్తోంది.

నేలమీద ఆయన పాత అచ్చులే ఉన్నాయి. వచ్చినవి... పోయినవి. వేరేవి లేవు.

అప్పుడు వినిపించింది ఆ చప్పుడు.

మొదట ఎక్కడో నీళ్ళు కారుతున్నాయనుకున్నాడు. కాదు. తడిగా, మెత్తగా, తీరిగ్గా... చప్... చప్... చప్. పళ్ళులేని ముసలివాడు రొట్టె నానబెట్టుకుని నములుతున్నట్టు. చప్పుడు ఇటుక గోడలోంచి వస్తోంది. ఆ గోడలో, అవతలి గాలి ఎలా ఉందో చూడ్డానికి పెట్టిన చిన్న గొట్టం ఒకటుంది. దానికి ఎప్పుడూ చెక్క బిరడా బిగించి ఉంటుంది. ఇప్పుడు బిరడా కింద పడి ఉంది. దాని నిండా పళ్ళగాట్లు.

ఆయన ఫోను దగ్గరికి దూకాడు. సెన్సారు పక్కనే గోడకు ఉంటుంది ఫోను. మిషను ఆపమని చెప్పాలి. రిసీవరు చెవికి పెట్టుకున్నాడు.

చప్... చప్... చప్.

చెవి తడిసినట్టనిపించి రిసీవరు వదిలేశాడు. అది తీగకు వేలాడుతూ నములుతూనే ఉంది.

పరుగెత్తి వెళ్ళి చెబుదామంటే దూరం. వెళ్ళేలోపు మిషను పళ్ళు ఒక్క రాయికి తగిలి ఒక్క రవ్వ లేస్తే చాలు. ఈ సెన్సారు నోరు తెరిచానంటే ఈ క్షణమే కరెంటు పోతుంది. ఆయన రెండు చేతులతో ముద్దను పెరికాడు. గుప్పెళ్ళకొద్దీ వచ్చింది. వేళ్ళ సందుల్లోంచి కారింది. చొక్కా చేతుల్లోకి దిగింది. ఏడుస్తున్నాడో, డోకుతున్నాడో ఆయనకే తెలియడం లేదు. వేలు పెట్టి తవ్వాడు, గోరుతో గీకాడు. అయినా సున్నాయే. లోపల జల్లెడ అవతల ఇంకా అడ్డం ఉంది. వేలు అందదు. ఊదితే ఇంకా లోపలికి పోతుంది.

ఒక్కటే దారి ఉంది. అది తెలిసి ఆయన ఒక్క క్షణం ఆగాడు. మిషను చప్పుడు కాళ్ళకింద అదురుతోంది. కూతురి మొహం గుర్తొచ్చింది. నీ మొగుడి ప్రాణం నా మీటర్లో ఉంది...

కళ్ళు మూసుకున్నాడు. పక్కవాడి గ్లాసు ముట్టని మనిషి, ఆ ఇనుప నోటికి తన నోరు ఆనించి, బలంకొద్దీ పీల్చాడు.

ముందు గాలి రాలేదు. తర్వాత ఏదో కదిలింది. వెచ్చటిది, నారనారగా ఉన్నది, ఉప్పటిది... జల్లెడలోంచి సన్నగా చీలి నాలుకమీదికి వచ్చి, నోట్లో చేరి మళ్ళీ ఒక్కటయింది. ఆయన తల వెనక్కి లాక్కున్నాడు. ఉమ్మాడు. మళ్ళీ ఉమ్మాడు. కొంత బయటపడింది. కొంత...

సైరన్ మోగింది. మిషను చచ్చిపోయినట్టు ఆగిపోయింది. దూరంగా మనుషుల అరుపులు, పరుగులు. వాళ్ళు బతికారు.

సైరన్ ఒక్కసారి ఊపిరి పీల్చుకున్న సందులో ఆయన విన్నాడు. గోడ అవతల నమలడం ఆగింది. తర్వాత ఒక గుటక. సరిగ్గా అప్పుడే ఆయన గొంతులోంచి కూడా ఏదో ఒకటి, ఆయన మింగకుండానే, మెల్లగా కిందికి జారింది.

పైకి వచ్చాక షిఫ్టు పెద్ద అందరిముందూ గ్యాసాయన భుజం తట్టాడు. పనిచోటికి గాలి మళ్ళించే తెర ఊడిపోయిందని, అందుకే గ్యాసు నిలిచిందని, తెర కట్టేశారని, గాలి బాగైందని చెప్పాడు. సెన్సారు సంగతేమిటని ఆయన అడిగాడు. ఏముంది, బాగానే పనిచేసింది కదా, సైరన్ మోగింది కదా అన్నాడు షిఫ్టు పెద్ద. గ్యాసాయన జేబులోంచి రుమాలు తీసి ముడి విప్పాడు. లోపల ఏమీ లేదు. పొద్దున భార్య ఇస్త్రీ చేసి ఇచ్చిన మడతలు కూడా చెదరలేదు. షిఫ్టు పెద్ద ఆయన మొహంలోకి జాలిగా చూసి, ఇంటికెళ్ళి పడుకో అన్నాడు.

తర్వాతి షిఫ్టు మిషను డ్రైవరుకు జ్వరమట. అల్లుణ్ణే ఇంకో షిఫ్టు ఉండమన్నారు. గ్యాసాయన వద్దన్నాడు, బతిమాలాడు, అరిచాడు. తన దగ్గర చూపించడానికి ఏముందని? చివరికి అల్లుడి చొక్కా పట్టుకుని చెవిలో చెప్పాడు.

"మిషను ముట్టుకునే ముందు నువ్వే వెళ్ళి సెన్సారు చూడు. సున్నా ఉంటే ఇంకేమీ ఆలోచించకు. ఎవరికోసమూ ఆగకు. పరుగెత్తి వచ్చెయ్యి."

"అలాగే మామయ్యా. మీరు ఇంటికెళ్ళండి. చూసి ఫోను చేస్తాను."

ఇంటికెళ్ళి ఆయన నోరు కడుక్కోవడం మొదలుపెట్టాడు. ఉప్పునీళ్ళు పుక్కిలించాడు. చిగుళ్ళు చీరుకుపోయి నురుగు ఎర్రబడేదాకా పళ్ళు తోమాడు. నాలుక గీకి గీకి కళ్ళవెంట నీళ్ళు వచ్చాయి. గొంతులో వేలు పెట్టుకుని కక్కుదామంటే ఉత్త నీళ్ళే వచ్చాయి. వాసన మాత్రం ముక్కు వెనకే కూర్చుంది. భార్య తలుపు బయట నిలబడి, ఈ రోజు మడి కాదు, చెరువే నిండేటట్టుంది అంది. ఆయన మళ్ళీ పుక్కిలించాడు. కూతురు లోపలిగదిలో పడుకుని ఉంది. జరిగింది చెబితే దానికి వినపడుతుంది.

భార్య కంచాలు పెడుతుండగా ఫోను మోగింది. గని పై ఆఫీసువాళ్ళు లోపలి ఫోనును ఇంటికి కలిపితే ముందుగా టిక్కుమని ఓ చప్పుడు వస్తుంది. ఆ చప్పుడు వచ్చింది. ఆయన రిసీవరు తీసి, "ఊఁ" అన్నాడు. అంతకుమించి మాట రాలేదు.

"అత్తయ్యా?" అల్లుడి గొంతు. పక్కన ఎవరో నిద్రపోతుంటే మాట్లాడినట్టు మెల్లగా మాట్లాడుతున్నాడు. "మామయ్య ఇంటికి రాలేదని కంగారు పడకండి. ఇక్కడే ఉన్నారు. మళ్ళీ ఎప్పుడు దిగారో ఏమో... సెన్సారు కింద, గోడవైపు మొహం పెట్టుకుని కూర్చున్నారు. పిలుస్తుంటే పలకడం లేదు."

గ్యాసాయన మాట్లాడబోయాడు.

"సెన్సారు సున్నాలో ఉంది అత్తయ్యా. పరుగెత్తమని మామయ్యే చెప్పారు. కానీ ఆయన్ని ఇలా వదిలేసి ఎలా వెళ్ళను? ఆయన లేస్తే తీసుకొచ్చేస్తాను. ఏదో... నములుతున్నారు."

పరుగెత్తరా అని అరవడానికి గ్యాసాయన నోరు తెరవబోయాడు. తెరుచుకోలేదు. నోటినిండా ఏదో ఉంది. వెచ్చగా, నారనారగా, బుగ్గ ఉబ్బేంతగా. వేలు పెట్టి లాగాడు, జారింది. దవడ దానంతట అదే కదులుతోంది. ఆపుదామంటే ఆగడం లేదు. ఫోనులో, అల్లుడి ఊపిరి వెనక, అదే వరసలో, ఒక్కటి కూడా తప్పకుండా... చప్... చప్... చప్.

వంటగది గుమ్మంలోంచి భార్య ఆయన్ని వింతగా చూసింది.

"ఏం నములుతున్నారండీ? నేనింకా వడ్డించనే లేదు."